డైలాగు అందించే మనిషి

"గురువారం షూటింగ్‌కి పాపాని పంపించే ప్రసక్తే లేదు. ఏజెంట్‌కి నువ్వు ఫోన్ చేస్తావా, నన్ను చేయమంటావా?"

తండ్రిని 'పాపా' అని పిలిచే వర్ష ఈ మాట అనడం పొద్దుటి నుంచి ఎన్నోసారో. సుధామయి సింకు దగ్గర నిలబడి, కడిగిన గిన్నెనే మళ్ళీ కడుగుతోంది. ఇంట్లో మనిషి నోరు మూసుకుంటే గిన్నెలు నోరు తెరుస్తాయి కదా, ఆ చప్పుడు ముందుగది దాకా వినిపిస్తోంది.

ముందుగదిలో కిటికీ పక్క కుర్చీలో కూర్చుని ఆ తండ్రి, ఎర్విన్, వాన చూస్తున్నాడు. వాంకూవర్ పక్కన ఈ సర్రీలో నవంబరు వానని చూడ్డానికి ఏముంటుంది? నిన్న పడిందే ఇవాళా పడుతుంది. అయినా ఆ మనిషి దాన్ని కొత్తగా రిలీజైన సినిమాలా చూస్తున్నాడు. ఇస్త్రీ చొక్కా, పైన కోటు, కాళ్ళకి బూట్లు. ఎవరింటికో వచ్చి, కాఫీ ఇస్తారో ఇవ్వరో అని మర్యాదగా ఎదురుచూస్తున్నవాడిలా ఉన్నాడు.

మొన్న సాయంత్రం ఆ కోటు కూడా లేకుండా ఇంట్లోంచి వెళ్ళిపోయాడు. స్కైట్రెయిన్ స్టేషన్లో, చేతిలో పూలగుత్తి పట్టుకుని తడిసి ముద్దై కూర్చున్న మనిషిని పక్కింటి పంజాబీ ఆవిడ గుర్తుపట్టి కారెక్కించి తీసుకొచ్చింది. తీసుకొచ్చి ఊరుకుందా? విమానమెక్కి రావాల్సిన దూరంలో, వాటర్లూలో ఉన్న వర్షకి కూడా ఫోన్ కొట్టింది. మర్నాటికల్లా కూతురు పెట్టెతో సహా వచ్చి వాలింది.

సుధామయి మాత్రం ఆ పూలు చూసి పొంగిపోయింది. పెళ్ళై ఇన్నేళ్ళయినా పూలు తెచ్చే మొగుడు ఎంతమందికి ఉంటాడు? అడక్కుండానే తీసుకుని గాజు గ్లాసులో పెట్టింది. ఆయన ఏదో అనబోయి ఆగిపోయాడు. తడిసి వణుకుతున్నాడు కదా అని ఆవిడ ముందు తువ్వాలు కోసం పరిగెత్తింది.

"అలా వెళ్ళడం సినిమాలో పాత్ర కోసమే," అంది చివరికి, కూతురి వైపు తిరక్కుండానే. "మీ నాన్న సంగతి నీకు తెలీదూ? దేశదిమ్మరి వేషం వేసినప్పుడు వారం రోజులు పార్కు బెంచీల మీద పడుకోలేదూ?"

"అప్పుడు పాపాకి ఫార్టీ ఫైవ్, అమ్మా. ఇప్పుడు సెవెంటీ సెవెన్."

"వయసొస్తే విద్య పోతుందా?"

"విద్య పోదు. మైండ్ పోతుంది."

అనేసి వర్ష నాలుక కరుచుకుంది. సుధామయి కుళాయి కట్టేసింది.  

వర్షకేం తెలుసు, అనుకుంది సుధామయి. నాటకం మధ్యలో పుట్టిన పిల్ల. మొదటి అంకం చూడనే లేదు.

మొదటి అంకం కాసెల్ అనే జర్మనీ ఊళ్ళో జరిగింది. వాల్తేరులో ఎమ్మెస్సీ చదివి, కెమిస్ట్రీలో పరిశోధన చెయ్యడానికి ఆ దాపుల ఉన్న యూనివర్సిటీకి వెళ్ళిన సుధామయిని, తోటి అమ్మాయిలు ఒక ఆదివారం ఆ ఊరి నాటకశాలకి లాక్కెళ్ళారు. భాష సగమే తెలిసేది. రంగం మీద ప్రభువూ ప్రియురాలూ ఏదో ఘర్షణ పడుతుంటే, వెనక పళ్ళెం పట్టుకుని ఒక నౌకరు నిలబడ్డాడు. వాడికి ఒక్క మాట కూడా లేదు. కానీ ప్రియురాలి కప్పు ఖాళీ అయిందా లేదా అని కనిపెట్టుకుని ఉన్న ఆ చూపు ఉంది చూశారూ, అది చూసి సుధామయి ప్రభువుని చూడ్డం మానేసింది. ఆ నౌకరే ఎర్విన్ హోల్ట్‌కాంప్. ఏడాది తిరక్కుండా పెళ్ళి చేసుకుంది. ఇంట్లోవాళ్ళు గగ్గోలు పెట్టారు. పెట్టి, అలిసిపోయి ఊరుకున్నారు.

వాంకూవర్లో ఆవిడకి యూనివర్సిటీ ఉద్యోగం వస్తే, ఎర్విన్ భార్య ఉద్యోగం వెంట వచ్చిన మొగుడుగా కెనడాలో దిగాడు. కొత్త దేశంలో నాటకాల్లో వేషాలు ఇవ్వలేదు గానీ, అమెరికా వాళ్ళ సీరియళ్ళు ఇక్కడే తీసేవాళ్ళు. వాళ్ళకి జర్మన్ యాస ఉన్న దుర్మార్గుడు ఎప్పుడూ కావాలి. అంతే, ఆ తలుపు తెరుచుకుంది. నాజీ ఆఫీసరు, పిచ్చి డాక్టరు, గూఢచారి, జైలు కాపలాదారు. వచ్చేవాడు, నాలుగు చెడ్డమాటలు అనేవాడు, చచ్చేవాడు. తుపాకీకి చచ్చాడు, నీళ్ళలో మునిగి చచ్చాడు, కదిలే రైలు మీంచి పడి చచ్చాడు. సర్రీ తెలుగు పిల్లలకి ఆయన 'డైయింగ్ అంకుల్'. విన్నిపెగ్‌లో డాక్టరీ చేసిన సుధామయి తమ్ముడు విశ్వేశ్వరరావైతే, "బావగారు ఒక్కసారైనా చివరిదాకా బతుకుతారా అక్కా?" అని అడిగేవాడు.

ఉగాది కార్యక్రమాల్లో, మా ఆయన యాక్టరు అనగానే తెలుగువాళ్ళ కళ్ళు మెరిసేవి. ఏ వేషాలు వేస్తారని అడిగి, జవాబు విని, "ఓ, క్యారెక్టర్ ఆర్టిస్టా," అనేవాళ్ళు. ఆ 'ఓ'లో ఉన్న చల్లదనం సుధామయికి ఒళ్ళు మండించేది. ఎర్విన్‌కి మాత్రం ఆ మాటంటే ముచ్చట. మీ భాషలో నాలాంటివాడిని ఆర్టిస్టు అంటారా, మా ఊళ్ళో అంత మర్యాద లేదే, అని మురిసిపోయేవాడు. నాజీ యూనిఫారం వేసుకున్న రోజున మాత్రం ఇంటికొచ్చి అన్నం ముట్టేవాడు కాదు. మా నాన్న నిజంగా వేసుకున్నాడు, నేను అద్దెకి తెచ్చుకుని వేసుకుంటున్నాను, అనేవాడు. అంతకు మించి ఆ విషయం ఎప్పుడూ మాట్లాడలేదు.

ఆ ఇంట్లో ఒక ఆచారం ఉంది. ఇంకే ఇంట్లోనూ ఉండదు. ఎర్విన్ డైలాగులు బల్ల ముందు కూర్చుని బట్టీ పట్టడు. కూర్చుని నేర్చుకున్న మాట నిలబడగానే జారిపోతుందని, చేతులు వేరే పనిలో ఉన్నప్పుడే మాట ఒంటికి పడుతుందని ఆయన గురువు చెప్పాడట. అంచేత ముందు చెప్పడం, సిద్ధం కావడం ఏమీ ఉండవు. సుధామయి చిక్కుళ్ళు ఈనె తీస్తుంటే హఠాత్తుగా వెనకనించి, "నిన్ను ప్రాణాలతో వదిలేది లేదు," అంటాడు. ఆవిడ తలెత్తకుండా, "నన్ను చంపితే ఆ మ్యాపు నీకు దొరకదు," అని అందించాలి. ఒకసారి బజారులో ఇలాగే అందుకుంటే, బిల్లు వేస్తున్న కుర్రది హడలిపోయి సెక్యూరిటీని పిలిచింది.

ఇంకో పద్ధతీ ఉంది. ముందు కొన్నాళ్ళు సన్నివేశాన్ని తన సొంత మాటల్లో చెప్పుకుంటాడు. ఆ బాధ తనదయ్యాకే రచయిత రాసిన మాటల్లోకి వెళతాడు. ఆయన ఎంత మార్చి అడిగినా, ఆవిడ మాత్రం స్క్రిప్టులో ఉన్నట్టే జవాబివ్వాలి. అది నిబంధన.

ఇప్పుడు వచ్చిన వేషం లాంటిది ఆయన జన్మలో రాలేదు. ఎవరో కొత్తమ్మాయి తీస్తున్న చిన్న సినిమా. అందులో ఎర్విన్ ఎవర్నీ చంపడు, తనూ చావడు. ఆస్పత్రి నుంచి ఇంటికి వచ్చిన ముసలి రైతు. భార్య మార్గరెట్ కనిపించదు. ఎక్కడుందని ఇంట్లో పనిచేసే ఆవిడని అడుగుతాడు. మీరు ఆస్పత్రిలో ఉండగా పోయారని ఆవిడ చెబుతుంది. కెమెరా ముసలాయన ముఖం మీదే ఉంటుంది. ఒక్క ముఖం, అంతసేపు. జీవితమంతా హీరో భుజం వెనక మసకగా కనబడ్డ ముఖం అది.

ఆడిషన్ ఫోన్లో తీసి పంపారు. పనిమనిషి మాటలు అందించింది సుధామయే. చూసిన వాళ్ళందరూ ఏడ్చారని ఆ డైరెక్టరమ్మాయి స్వయంగా ఫోన్ చేసి చెప్పింది.

అలాంటి వేషాన్ని వర్ష వదులుకోమంటోంది.

వదులుకోలేకపోవడానికి ఇంకో కారణం కూడా ఉంది. అది సుధామయి ఎవరికీ చెప్పలేదు. వేసవిలో మోకాలి ఆపరేషన్ అయి ఆస్పత్రి నుంచి వచ్చాక ఎర్విన్ మాటలు తగ్గిపోయాయి. రోజుల తరబడి ఉలుకూ పలుకూ ఉండేది కాదు. రిటైరైన ఆడమనిషికి వానాకాలం ఇంట్లో మాట్లాడే దిక్కు లేకపోతే ఎలా ఉంటుందో పగవాళ్ళకి కూడా తెలియకూడదు. వర్షకి ఉద్యోగం, తమ్ముడికి మనవలు. టీవీ పెట్టుకుంటే అందులో మొగుడు చస్తూ కనిపిస్తాడు. అలాంటి సమయంలో ఈ వేషం వచ్చింది. మళ్ళీ వెనకనించి ఆ గొంతు వినబడింది. "మేడమ్, నా భార్య ఎక్కడుంది?" అని.

ప్రాణం లేచొచ్చింది ఆవిడకి. అప్పటి నుంచి రోజూ అడుగుతున్నాడు. స్నానం చేసి వచ్చి ఒకసారి, కాఫీ తాగుతూ ఒకసారి. పాడిందే పాట. అయినా ఆవిడకి విసుగు లేదు. ఆయన పలకరిస్తున్నాడు, అది చాలు.

మధ్యాహ్నం భోజనానికి వర్షే తండ్రిని చెయ్యిపట్టుకుని తీసుకొచ్చింది. బీన్స్ కూర, చారు, ఆయనకిష్టమని గట్టి పెరుగు. సుధామయి అన్నం గిన్నె పట్టుకుని రాగానే ఎర్విన్ కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు.

"కూర్చోండి సర్," అంది సుధామయి.

వర్ష కంచంలోంచి తలెత్తి ఇద్దరినీ మార్చి మార్చి చూసింది. ఆయన లేచి నిలబడ్డం ఈమధ్య మామూలైపోయిందని, పాత్రలో ఉన్నప్పుడు అంతేనని సుధామయి తేలిగ్గా చెప్పేసింది. రాత్రిళ్ళు పడగ్గది వదిలేసి చిన్నగదిలో ఒక్కడే పడుకోవడం కూడా పాత్రేనా, అని వర్ష అడిగింది. సుధామయి ఆయన కంచంలో ఇంకో గరిటె కూర వేసింది.

ఎర్విన్ నాలుగు మెతుకులు తిని చెంచా పక్కన పెట్టాడు. గొంతు సవరించుకున్నాడు.

"మేడమ్, మిమ్మల్ని ఒకటి అడగనా? నా భార్య ఇంకా రాలేదేం?"

సుధామయి కూతురి వైపు ఒక చూపు విసిరింది. చూడవే, మతి పోయినవాడు ఇంత బాగా చేయగలడా, అన్నట్టు. చేతులు తుడుచుకుని, గొంతు తగ్గించి అందించింది.

"అమ్మగారు పోయారు సర్. మీరు ఆస్పత్రిలో ఉండగానే."

ఎర్విన్ కదల్లేదు. ఆ మాట చెవిలో పడి లోపలికి దిగేదాకా అలాగే చూస్తూ ఉన్నాడు.  నాకెందుకు చెప్పలేదు, ఒక్కసారి చూపించి ఉండాల్సింది కదా, అని మెల్లగా అన్నాడు. కళ్ళలోంచి నీళ్ళు కారి పెరుగన్నంలో పడుతున్నా తుడుచుకోలేదు. నిన్నటి కంటే ఇవాళ ఇంకా బాగా వచ్చిందని సుధామయి మనసులో మెచ్చుకుంది.

వర్ష లేచి వెళ్ళి తండ్రి కుర్చీ పక్కన మోకాళ్ళ మీద కూర్చుంది. 

"పాపా... వాట్ వజ్ హర్ నేమ్?"

"మార్గరెట్," అని అందించింది సుధామయి, అలవాటు కొద్దీ.

ఎర్విన్ ఆవిడ వైపు తిరిగి తల అడ్డంగా ఊపాడు. తప్పు సరిదిద్దుతున్నవాడి మర్యాద ఉంది ఆ ఊపులో.

"కాదు మేడమ్. సుధా."

 ఎర్విన్ ఒక్కడే మాట్లాడాడు. సుధాది ఇండియా అట. కెమిస్ట్రీలో తనకంటే పెద్ద చదువట. కోపమొస్తే నోరు తెరవకుండా గిన్నెలు కడుగుతుందట. తన చేత డైలాగులు చెప్పించేది ఆమేనట. ఆమె ఉన్నంతకాలం ఒక్క మాట కూడా మరిచిపోలేదట, ఇప్పుడే అన్నీ జారిపోతున్నాయట. మొన్న ఆమె సమాధి దగ్గరికి వెళదామని పూలు కొన్నాడు. ఏ రైలెక్కాలో తెలియలేదు. ఇంటికి తీసుకొస్తే వాటిని ఈ మేడమ్ తీసుకుని బల్ల మీద పెట్టేసింది. ఈమెని ఏమీ అనలేదు, పాపం మంచి మనిషి, పొరపాటు పడి ఉంటుంది అని ఊరుకున్నాడు.

సుధామయి చూపు గాజు గ్లాసులోని పూల మీదికి వెళ్ళింది.

ఆయన రిహార్సల్ చెయ్యలేదు. నిజంగానే అడిగాడు. ఆస్పత్రి నుంచి వచ్చినవాడు, ఇల్లు పోల్చుకోలేనివాడు, ఎదురుగా ఉన్న మనిషిని పోల్చుకోలేనివాడు, నా భార్య ఎక్కడని అడిగాడు. నేనే సుధనని ఒక్క మాట చెబితే సరిపోయేది. ఆ మాట చెప్పాల్సిన నోటితో, పోయిందని చెప్పింది. ఒకసారా? రోజూ. కాఫీ కప్పు అందిస్తూ, తువ్వాలు అందిస్తూ, భార్య చావుని అందించింది. ఆయన ఏడుస్తుంటే పక్కన నిలబడి, బాగా చేశావని భుజం తట్టింది. దేవుడా, భుజం కూడా తట్టింది.

పడగ్గదిలోకి రాకపోవడం, తను రాగానే లేచి నిలబడ్డం, అన్నం పెట్టినందుకు థాంక్స్ చెప్పడం... అన్నీ పాత్ర అనుకుని మురిసింది. ఆయన లేని మనిషి కోసం దుఃఖపడుతూ, ఉన్న మనిషిని పరాయిదానిగా గౌరవిస్తూ ఇన్నాళ్ళూ ఈ ఇంట్లో ఒంటరిగా బతికాడు. పక్కగదిలో తనూ అంతే ఒంటరిగా బతికింది.

వర్ష కేకలు వేస్తే బాగుండేది. వెయ్యలేదు. తండ్రి చెంపలు పేపర్ నాప్కిన్‌తో తుడిచి, ముందుగదిలోకి నడిపించి, కిటికీ పక్క కుర్చీలో కూర్చోబెట్టి వచ్చింది. వచ్చి తల్లి పక్కన నిలబడింది.

"ఫోన్ చెయ్యి," అంది సుధామయి. గొంతు తనదిలా లేదు. "గురువారం రాడని చెప్పు. ఇక ఎప్పుడూ రాడని చెప్పు."

"అమ్మా, నువ్వు కావాలని..."

"చెయ్యి తల్లీ."

పొద్దుటి నుంచి ఏ మాట కోసం పోట్లాడిందో ఆ మాట దొరికాక వర్షకి ఏడుపొచ్చింది. ఫోన్ పట్టుకుని వెనక వరండాలోకి వెళ్ళింది. అద్దం తలుపు వెనక కూతురి పెదవులు కదలడం కనిపిస్తోంది గానీ మాటలు వినపడ్డం లేదు. ఆయనకి వచ్చిన ఒకే ఒక్క పెద్ద వేషం అలా వానలో కలిసిపోతోంటే, సుధామయి ఒక్క క్షణం కూడా ఆగి చూడలేదు. ముందుగదిలోకి వెళ్ళింది.

ఎదురు కుర్చీలో కాకుండా ఆయన పక్కనే, సోఫా అంచు మీద కూర్చుంది. ఎన్ని సినిమాల డైలాగులు అందిస్తూ ఎన్ని గొంతులు మార్చిందో. ఇప్పుడు తన గొంతు కోసం వెతుక్కోవాల్సి వచ్చింది.

"ఎర్విన్. నేను సుధని. నేను పోలేదు. నీకు చెప్పిందంతా సినిమాలో డైలాగు. నువ్వు రిహార్సల్ చేస్తున్నావనుకున్నాను. నేను ఇక్కడే ఉన్నాను, చూడు. ఎక్కడికీ వెళ్ళలేదు. ఒక్కసారి నన్ను చూడు."

కాసెల్ గురించి చెప్పింది. పళ్ళెం గురించి చెప్పింది. వర్ష పుట్టిన రోజున మంచు పడి కారు ఆగిపోతే ఆయన టాక్సీ కోసం జైలర్ యూనిఫారంలో రోడ్డు మీద పరిగెత్తడం చెప్పింది. చెబుతూ ఆయన మోచెయ్యి పట్టుకుంది. ఏనాడూ ఎవర్నీ బతిమాలని మనిషి ఆ మోచేతిని పట్టుకుని బతిమాలింది.

ఎర్విన్ అడ్డు రాలేదు. తోటి నటుడు మాట్లాడుతుంటే వినే పద్ధతిలో, ఒళ్ళంతా చెవి చేసుకుని విన్నాడు. ఆవిడ ముఖంలో ప్రతి గీతా చూశాడు. ఒక్కసారి ఆ కళ్ళు మెత్తబడ్డాయి. 

ఆయన ఆవిడ చేతిని తన రెండు చేతుల్లోకి తీసుకున్నాడు.

"మీరు చాలా మంచివారు మేడమ్. ఏడుస్తున్న ముసలివాడిని చూడలేక ఆమె వేషం కట్టారు. గొంతు చాలా దగ్గరగా వచ్చింది. కానీ సుధా ఇలా బతిమాలదు." చెయ్యి మెల్లగా వదిలేసి మళ్ళీ కిటికీ వైపు తిరిగాడు. "నా భార్య పోయింది. ఆ సంగతి నాకు రోజూ చెబుతున్నది మీరే కదా."